కారం ఘాటుకు వచ్చిన కన్నీళ్లు

కడప నుంచి ఒక పాఠకుడు పెద్ద ఉత్తరం రాశారు. పేరు వేయవద్దన్నారు. ముప్పై మూడేళ్ల మనిషి, ప్రైవేటు సంస్థలో లెక్కలు రాసే ఉద్యోగం, భార్య, బడికి వెళ్లే కూతురు. కొన్నేళ్ల కిందట ఎవరి దగ్గరో పాత కెమెరా కొన్నారు. అప్పటి నుంచి తెల్లవారకముందే లేచి, ఆఫీసు వేళ దాకా ఊళ్లో తిరుగుతూ ఫోటోలు తీస్తున్నారు. ఏడు రోడ్ల కూడలి, వైవీ స్ట్రీట్, పాత బస్టాండు, బుగ్గవంక పక్క సందులు ఆయన తిరిగే చోట్లు. పెళ్లిళ్లు తీయరు, కొండలూ సూర్యాస్తమయాలూ తీయరు. షట్టరు ఎత్తి దుకాణం ముందు నీళ్లు చల్లే కుర్రవాడు, సైకిలుకు పాలక్యాన్లు తగిలించుకుని వెళ్లే పెద్దాయన, ఆటోలో కునుకు తీస్తున్న డ్రైవరు, ఇలాంటివే తీస్తారు.

పాత బస్టాండు దగ్గర తోపుడు బండి మీద దోశలు వేసే ఒకావిడ ఉన్నారు. ఈయన ఆవిడను "అక్కా" అని పిలుస్తారు, చాలా రోజులు అక్కడే టిఫిను. ఒక చలికాలపు ఉదయం ఆవిడ పెనం మీది దోశకు ఎర్రకారం పూస్తుండగా ఘాటు లేచింది. ముఖం పక్కకు తిప్పి, కళ్లు గట్టిగా మూసుకుని, కొంగు అడ్డం పెట్టుకున్నారు. వెనక నుంచి బస్సు దీపాల వెలుగు పడింది. ఈయన ఫోటో తీశారు. ఆవిడ కెమెరాను చూసి నవ్వారు. తరవాత ప్రింటు వేయించి ఇస్తే "ఇదేమి తమ్ముడూ, ఏడ్చినట్టుంది!" అని మళ్లీ నవ్వి ఇంటికి పట్టుకెళ్లారు.

ఆ ఫోటోను ఈయన సోషల్ మీడియాలో పెట్టి, కింద "పొట్టకూటి కన్నీళ్లు" అని రాశారు. అది చాలా దూరం పోయింది. హైదరాబాదులో జరగబోయే ఒక ప్రదర్శనకు నిర్వాహకులు దాన్ని ఎంపిక చేశారు. పెద్ద ప్రింటుకు పదిహేను వేలు ఇస్తామని ఒకరు ముందుకొచ్చారు. అంతలో ఆవిడ కొడుకు బెంగళూరు నుంచి ఫోను చేశాడు. అతడికి అక్కడ ఉద్యోగం. బండి మానేయమని తల్లిని బతిమాలుతున్నాడు, ఆవిడ మానరు. కిందటేడు కొత్త గ్యాసు పొయ్యి, బండికి పైకప్పు అతడే చేయించాడు. ఇప్పుడు ఒక సంబంధం కుదిరే దశలో ఉంది. పిల్ల తరపువాళ్ల ఫోన్లలోకి ఆ ఫోటో చేరింది. దాంతోపాటు "ఈ తల్లికి కన్నబిడ్డలు లేరా?" అని ఎవరెవరో రాసిన మాటలూ చేరాయి. ఫోటో తీసేయాలి, అసలు కాపీ కూడా చెరిపేయాలి, ప్రదర్శనలో పెడితే పోలీసు కేసు పెడతాను అన్నాడు. అంతకుముందు "అన్నా" అన్నవాడే "ఎవరు నువ్వు?" అన్నాడట. ఆవిడను అడిగితే "నాకేమీ తెలియదు తమ్ముడూ, వాడు చెప్పినట్టు చెయ్యి" అని ప్లేటు చేతికిచ్చి అటు తిరిగారు.

సోషల్ మీడియాలోది ఈయన తీసేశారు. ప్రదర్శన వదులుకోవడానికి మాత్రం మనసు ఒప్పడం లేదు. "నడిరోడ్డు మీద తీశావు, చట్టం నీ వైపే. ఒకసారి తగ్గితే ఇక వీధిలో కెమెరా ఎత్తలేవు" అని తోటి ఫోటోగ్రాఫర్లు ఎగదోస్తున్నారు. "ఈ తలనొప్పి మనకెందుకు, హాయిగా పెళ్లిళ్లు తీసుకోండి" అని భార్య అంటున్నారు. చివర్లో ఆయన ఇలా రాశారు: "తల్లి బండి నడుపుతుందని చెప్పుకోవడానికి ఆ అబ్బాయికి నామోషీ. అతడి నామోషీకి నా ఫోటో ఎందుకు బలికావాలి? ఇకమీదట ప్రతి మనిషినీ అడిగి తీయాలా? అడిగి తీస్తే అది వీధి ఫోటో అవుతుందా?"

సమాధానం

చట్టం సంగతి ముందు తేల్చేద్దాం. మీ చిక్కులో తేలికైన భాగం అదే.

బహిరంగ స్థలంలో కనిపించే మనిషిని ఫోటో తీయకూడదని చెప్పే సాధారణ చట్టం మన దేశంలో లేదు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలోని 77వ సెక్షను, స్త్రీ తన ఏకాంతంలో ఉన్నప్పుడు చాటుగా చూడడం, ఫోటో తీయడం, వాటిని పంచడం గురించినది. బస్టాండు ముందు దోశ వేస్తున్న మనిషికి అది అతకదు. ఆ ఫోటో మిమ్మల్ని ఎవరూ డబ్బిచ్చి తీయించుకున్నది కాదు కనుక 1957 కాపీరైటు చట్టం ప్రకారం దాని హక్కుదారు మీరే. మీ జీవితకాలమంతా, ఆ తరవాత మరో అరవై ఏళ్ల పాటు ఆ హక్కు ఉంటుంది. ఇంతవరకూ మీ స్నేహితులు చెప్పింది నిజమే.

వాళ్లు చెప్పనివి రెండున్నాయి. 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం గోప్యతను ప్రాథమిక హక్కుగా గుర్తించింది. వీధిలోకి వచ్చినంత మాత్రాన మనిషి గోప్యత పోదని, అది చోటును కాక మనిషిని అంటిపెట్టుకుని ఉంటుందని ఆ తీర్పులో ఉంది. ఆ తీర్పు చూపి రేపు మీ ప్రదర్శన ఆపిస్తారని నేను అనడం లేదు. అయితే "రోడ్డు మీద తీశాను, అయిపోయింది" అనే వాదనకు మునుపటంత బలం లేదు. రెండోది మీ వ్యాఖ్య. ఎవరైనా పరువు నష్టం అంటూ వస్తే పట్టుకునేది ఫోటోను కాదు, దాని కింద మీరు రాసిన రెండు మాటలను.

ఉత్తరమంతా మీరు ఫోటో గురించి రాశారు. నాకు మాత్రం గొడవకు మూలం ఆ రెండు మాటలే అనిపిస్తోంది.

కడపవారు మీరు, మీకు నేను చెప్పాలా! ఎండుమిరపకాయలు, ఉల్లిపాయ, వెల్లుల్లి వేసి నూరిన ఎర్రకారం కాలుతున్న పెనం మీద పడిందంటే, దాని మీద పప్పుల పొడి చల్లేలోపు ఎదురుగా నిలబడ్డవాడికి కూడా దగ్గు వస్తుంది. ఆవిడ ఏడవలేదు. ఘాటుకు ముఖం తిప్పుకున్నారు. బండి దగ్గర నిలబడి తింటున్న మీకు ఆ సంగతి అందరికంటే బాగా తెలుసు. పైగా ప్రింటు చేతిలో పెట్టిన రోజే "ఏడ్చినట్టుంది" అని ఆవిడే అన్నారు. మీరు దాన్ని మెచ్చుకోలు కింద రాసుకున్నారు. నాకది నవ్వుతూ తప్పు దిద్దడంలా వినిపించింది.

ఇందులో మీరొక్కరే దోషి కాదు. చెమట పట్టిన మనిషి ఫోటో కింద "బతుకు పోరు" అని రాయకపోతే అచ్చుకాదేమో అన్నంతగా మన పత్రికలు మనకు అలవాటు చేశాయి. ఉగాదినాడు దేవుని కడప గుడికి వచ్చే ముస్లిం కుటుంబాల ఫోటోలు ఏటా చూస్తూనే ఉన్నాం కదా. వేంకటేశ్వరుడు బీబీ నాంచారమ్మ భర్త, కనుక తమ ఇంటి అల్లుడు అని వాళ్ల నమ్మకం. అల్లుడి గుడికి పండగ పూట వస్తారు, కొబ్బరికాయ కొట్టి పోతారు. కింద మనం "మత సామరస్యం" అని పెద్ద అక్షరాలు వేస్తాం. మాట అబద్ధం కాదు. ఆ క్యూలో చంటిపిల్లను ఎత్తుకుని, ఎండకు విసుక్కుంటూ నిలబడిన ఇల్లాలికి మాత్రం తాను దేనికీ ప్రతీకగా వచ్చానని తెలియదు.

ఇలాంటిదే, దీనికంటే చాలా పెద్దది, అమెరికాలో జరిగింది. 1936 మార్చిలో డొరొథియా లాంగ్ అనే ఫోటోగ్రాఫరు కాలిఫోర్నియాలోని నిపోమో దగ్గర బఠాణీ కోత కూలీల శిబిరంలో పిల్లలతో కూర్చున్న ఒక తల్లిని తీశారు. ప్రపంచంలో అతి ఎక్కువగా అచ్చయిన ఫోటోల్లో అదొకటి. తిండి కోసం కారు టైర్లు కూడా అమ్ముకున్నారని లాంగ్ తన వివరాల్లో రాశారు. ఆ తల్లి పేరు ఫ్లోరెన్స్ ఓవెన్స్ థాంప్సన్ అని లోకానికి తెలిసింది 1978లో. మేమెన్నడూ టైర్లు అమ్ముకోలేదని కొడుకు చెప్పాడు. ఆ ఫోటో వల్ల తనకు పైసా రాలేదని, తన పేరైనా అడగలేదని ఆమె బాధపడ్డారు. పేరు అడగలేదని లాంగ్ కూడా అంతకు చాలా ముందే ఒప్పుకున్నారు. లాంగ్ మోసగత్తె కాదు. ప్రభుత్వ పని మీద తీసిన ఫోటో, ఆమెకూ దాని మీద రాయల్టీ లేదు. ఆ ఫోటో పత్రికలో రాగానే శిబిరానికి ప్రభుత్వం తిండిగింజలు పంపింది కూడా. ఇంత మంచి జరిగినా, ఒక ఇంటి మనిషి నలభై ఏళ్లు పేదరికానికి ముఖంగా మిగిలిపోయింది, అందులోనూ జరగని ఒక సంగతితో కలిసి.

ఇప్పుడు ఆ అబ్బాయి దగ్గరికి వద్దాం. అతడికి తల్లి పనిని చూసి నామోషీ అని మీరు తేల్చేశారు. మీ ఉత్తరంలో దానికి సాక్ష్యం నాకు దొరకలేదు. నామోషీ ఉన్నవాడు బండికి పైకప్పు వేయించడు. అతడిని పొడిచింది తల్లి బండి కాదు, "కన్నబిడ్డలు లేరా" అన్న మాట. నెలనెలా డబ్బు పంపే కొడుకును, అమ్మను రోడ్డున వదిలేసిన కొడుకుగా ఊరు ఊరంతా, అందులో కాబోయే అత్తవారితో సహా, చూసింది. అతడు అరిచాడు. మీరైనా అరుస్తారు. కొంచెం నామోషీ కూడా ఉందే అనుకుందాం, ఉంటే ఉండనివ్వండి. సంబంధం మాటల్లో ఉన్నప్పుడు ఏ ఇంట్లోనైనా నాలుగు సంగతులు నెమ్మదిగా చెప్పుకుంటారు. ఏది ఎప్పుడు చెప్పాలో ఎంచుకునే వీలు అతడికి లేకుండా పోయింది.

అయితే అతడు అడిగినవన్నీ న్యాయమైనవని కాదు. అందరికీ చూపవద్దనడం ఒకటి, అసలు కాపీని చెరిపేయమనడం ఇంకొకటి. రెండోది మీరు ఒప్పుకోనక్కరలేదు. మీ పెట్టెలో ఉన్న ఫోటో ఎవరికీ హాని చేయదు. "మీరు ఒప్పుకునేదాకా ఎక్కడా చూపను" అని రాసిచ్చి, చెరిపే సంగతి అక్కడితో ఆపవచ్చు.

ఇక ఎవరి మాట వినాలి? ఫోటోలో ఉన్నది ఆవిడ. "వాడు చెప్పినట్టు చెయ్యి" అన్నది ఆవిడ అభిప్రాయమో, పెళ్లి ముంగిట కొడుకుతో తగవు ఎందుకన్న అలసటో మీకూ తెలియదు, నాకూ తెలియదు. ఆ మాట పట్టుకుని "ఆవిడ వద్దన్నారు" అనుకోలేరు, పాత నవ్వు పట్టుకుని "ఆవిడ సరేనన్నారు" అని కూడా అనుకోలేరు. తీసేటప్పుడు నవ్వితే తీయడానికి ఒప్పుకున్నట్టు. ప్రింటు ఇంటికి పట్టుకెళ్తే అది నచ్చినట్టు, లేదా ఇచ్చినదాన్ని వద్దనలేక తీసుకున్నట్టు. హైదరాబాదులో గోడకు తగిలించి టికెట్టు పెట్టడానికి ఆవిడ దేనికీ తల ఊపలేదు. తీయడం, చూపడం, అమ్మడం మూడు వేర్వేరు అడుగులు. ప్రతి అడుగుకూ వేరుగా అడగాలి.

మీ ముందున్న దారులు నాకు కనిపించినంత మేరకు చెబుతాను.

మీ స్నేహితులు చెప్పినట్టు ప్రదర్శనలో పెట్టేయవచ్చు. బహుశా ఎవరూ ఆపలేరు. కేసు పెట్టినా నిలవకపోవచ్చు. అయితే మీ స్నేహితుల్లో ఎంతమంది రేపు పొద్దున పాత బస్టాండులో నిలబడాలి? కడప మహానగరం కాదు. దోశల బండి సంగతి సాయంత్రానికి పూలమ్మే ఆవిడకు తెలుస్తుంది, మర్నాటికి ఆటో స్టాండుకు చేరుతుంది. ఇన్నాళ్లూ మీరు తీసిన ఫోటోలన్నీ, "ఆయన మనవాడే, తీసుకోనీ" అని జనం మిమ్మల్ని పట్టించుకోకుండా వదిలేయడం వల్ల వచ్చినవి. కెమెరాకు కొత్త లెన్సు కొనుక్కోవచ్చు గానీ ఆ వదిలేయడాన్ని కొనలేరు. అబ్బాయి సంబంధం చెడితే, నిజమైన కారణం ఏదైనా, ఆ ఇంట్లో చెప్పుకునేది మీ పేరే.

పూర్తిగా వెనక్కి తీసుకోవచ్చు. ఇల్లు ప్రశాంతం, ఆఫీసు ప్రశాంతం. కాకపోతే భయపడి తగ్గితే మనసులో కారం మిగులుతుంది. తరవాత కెమెరా ఎత్తినప్పుడల్లా వేలు ఆగుతుంది. దాంతోపాటు, ఆవిడ పని దాచుకోవలసినదేనని మీరూ ఒప్పుకున్నట్టు అవుతుంది. ఎన్నో ఏళ్లుగా తెల్లవారుజామునే పిండి కలుపుకుని వచ్చి కొడుకును చదివించిన మనిషి పని అది. దాన్ని దాచాలో చూపాలో ఆవిడే చెప్పాలి.

నేనైతే మొగ్గేది మూడో దారికి, అది కాస్త నిదానమైనది. ముందు కొడుక్కు ఫోను చేయండి. చట్టం, కళ, హక్కు అనే మాటలు ఎత్తకండి. "ఫోటో కింద నేను రాసింది నిజం కాదు. అమ్మ ఏడవలేదు, కారం ఘాటుకు ముఖం తిప్పుకున్నారు. దానివల్ల నీకు మాట వచ్చింది, నాదే తప్పు" అని చెప్పండి. ఆ ఫోటోను ఇప్పటికీ తిప్పుతున్న పేజీలు ఉంటే, కాపీరైటు మీదే కనుక తీసేయమని అడిగే హక్కు మీకుంది, అతడికి లేదు. ఆ పని మీరు చేసిపెట్టండి. అతడికి ఇంతకంటే పనికొచ్చే సాయం లేదు. "ఆవిడ ఏడవడం లేదు" అని మీ పేజీలో నాలుగు ముక్కలు రాసి పెట్టాలా అన్నది మాత్రం అతడినే అడగండి. చల్లారిన దాన్ని అది మళ్లీ రగల్చవచ్చు కూడా.

తరవాత ఆవిడతో మాట్లాడండి. కొడుక్కు చెప్పే వెళ్లండి, చాటుగా వద్దు. బండి ముందు జనం ఉన్నప్పుడు, చేతిలో గరిట ఉన్నప్పుడు వద్దు. బండి కడుక్కునే వేళకు వెళ్లండి. ప్రదర్శన అంటే ఏమిటో, ఎవరు చూస్తారో, ఎవరు కొంటామన్నారో, ఎంత ఇస్తామన్నారో, అన్నీ చెప్పండి. అప్పుడు "ఈ ఫోటో కింద ఏమి రాయమంటావక్కా?" అని అడగండి. "దోశల బండి, పాత బస్టాండు, కడప" అని మాత్రమే రాయమనవచ్చు. తన పేరు వేయమనవచ్చు. అసలు పెట్టవద్దనవచ్చు, అప్పుడిక వాదించకండి. పెళ్లి అయ్యాక చూద్దామన్నా ఒప్పుకోండి. ఫోటో రాత్రికి రాత్రి పులిసిపోయే పిండి కాదు. షికాగోలో పిల్లల్ని చూసుకునే ఆయాగా బతికిన వివియన్ మేయర్ వీధుల్లో తీసిన ఫోటోలు లక్షకు పైనే. ఆమె సామాను గది అద్దె బకాయి పడి 2007లో వేలానికి వచ్చేదాకా వాటిని చూసినవారే లేరు. ఆమె 2009లో పోయారు. ఫోటోలకు ఆలస్యం వల్ల వచ్చిన నష్టమేమీ లేదు. ఇంకో పదేళ్లకు మీ ఫోటోలో జనం చూసేది ఆవిడ కళ్లనే కాదు, ఆ బండినీ, వెనకనున్న బస్సునూ, గోడ మీది రాతనూ కూడా.

ఆవిడ నవ్వుతున్న ఫోటో ఒకటి ఉందని, "మామూలుగా ఉంది" అని పక్కన పెట్టానని రాశారు. కన్నీళ్లు పోయి నవ్వు వస్తే అందరూ సంతోషిస్తారని దాన్ని పంపేయకండి. ముఖం తిప్పుకున్న ఫోటోయే మంచిదైతే అదే మంచిది. దాని కింద అబద్ధం లేకపోతే చాలు. పేరు మార్చితే మాకు వద్దని నిర్వాహకులు అంటే, వాళ్లు ఎంచుకున్నది మీ ఫోటోను కాదని అప్పుడే తెలుస్తుంది.

పదిహేను వేల సంగతి. ఆవిడ సరేనన్న తరవాత అందులో వాటా ఇవ్వండి, సగమైనా తప్పులేదు. సరే అనకముందు మాత్రం డబ్బు ఎత్తకండి. అది నోరు మూయించడానికి ఇచ్చినట్టుంటుంది, కొడుకు చెవిన పడితే మొదటి గొడవే నయమనిపిస్తుంది. ఏదైనా కారం పొడి కంపెనీవాళ్లు ప్రకటనకు ఆ ఫోటో అడిగితే, ఆవిడ సంతకం లేకుండా ఇవ్వనే ఇవ్వకండి.

ప్రతివారినీ అడిగి తీయాలా అన్నారు. అక్కరలేదు. అడిగితే మనిషి సర్దుకుని, జుట్టు దువ్వుకుని నిలబడతాడు. అదీ మంచి ఫోటోయే కావచ్చు గానీ మీరు వెతికేది అది కాదు. తీసిన తరవాత కెమెరా దించి, కళ్లలోకి చూసి, తెర మీద చూపించవచ్చు. ముఖం చిట్లిస్తే అక్కడే చెరిపేయవచ్చు. చిన్నపిల్లలైతే పెద్దవాళ్లను అడగండి. తాగి పడిపోయినవాడు, ఆసుపత్రి మెట్ల మీద ఏడుస్తున్నవాళ్లు, పెద్ద దర్గాలో కళ్లు మూసుకుని మొక్కుకుంటున్న మనిషి, వీళ్లు వద్దనే స్థితిలో లేరు. వాళ్ల దగ్గర కెమెరా ఎత్తకపోతే పోయేదేమీ లేదు. మిగతా ఊరంతా మీదే.

మీ భార్య సలహా ఒకటి మిగిలింది. పెళ్లి ఫోటోల్లో గొడవలు ఉండవని ఆవిడ అనుకుంటున్నట్టున్నారు. డబ్బిచ్చి తీయించుకున్న ఫోటోల మీద, వేరే ఒప్పందం లేకపోతే, కాపీరైటు తీయించుకున్నవారిదే. పెళ్లికూతురి ఫోటో ఒకటి మీ పేజీలో పెట్టుకోవాలన్నా ఆ ఇంటివాళ్లను అడగాలి. ఆదాయం కోసం ఆవిడ ఆ మాట అంటే అది వేరే లెక్క, ఇద్దరూ కూర్చుని వేసుకోండి. ఊళ్లో మాట పడతామన్న భయంతో అంటే మాత్రం, దోశల బండి దగ్గరికి వెళ్లేటప్పుడు ఆవిడను కూడా వెంట తీసుకెళ్లండి. మీతో "నాకేమీ తెలియదు" అన్న అక్క, మీ ఆవిడతో మనసులో మాట చెప్పవచ్చు. ఈలోగా ప్రదర్శన నిర్వాహకులకు ఈ రోజే రాయండి: ఫోటోలో ఉన్నవారి అంగీకారం ఇంకా రావలసి ఉందని, పేరు మారుతుందని, ఒకవేళ రాకపోతే ఇంకో ఫోటో పంపడానికి గడువు ఎప్పటిదాకా ఉందో చెప్పమని.